ఫ్యూజు పోయిన రాత్రులు

పోలండ్‌లోని క్రాకోవ్‌లో నేను అద్దెకున్న ఇంట్లో రైస్ కుక్కరూ వాషింగ్ మెషీనూ ఒకేసారి నడవవు. ఆ సంగతి నాకెవరూ చెప్పలేదు. 2013 నవంబరు. నేను దిగి మూడు వారాలు కూడా కాలేదు. సాయంత్రం నాలుగున్నరకే బయట కాటుక చీకటి. గుంటూరు నుంచి సూట్‌కేసులో బట్టల మధ్య కుక్కి తెచ్చుకున్న కుక్కర్ని ప్లగ్గులో పెట్టి స్విచ్ నొక్కానో లేదో, టప్‌మని ఇల్లంతా ఆరిపోయింది. అవతలి గదిలోంచి మా ఇంటావిడ అరుపు, స్టేజీ మీద రాజుగారు కేక పెట్టినట్టు: "చెమ్‌నోష్చ్! విద్జె చెమ్‌నోష్చ్!"

నా పై ప్రాణాలు పైనే పోయాయి. డెబ్బై దాటిన మనిషి. చీకట్లో ఎక్కడ కాలు తట్టుకుందో ఏమో అని ఫోన్ లైటు వేసుకుని పరుగెత్తాను. చూస్తే ఆవిడ సోఫాలో కూర్చుని కడుపు పట్టుకుని నవ్వుతోంది. నా మొహం చూశాక ఇంకా ఎక్కువ నవ్వింది.

మర్నాడు ఆఫీసులో పక్క సీటు కుర్రాణ్ణి అడిగాను. ఆ మాటకి అర్థం "చీకటి! నాకు చీకటి కనిపిస్తోంది!" అని. "అది మీ ఇంటావిడ మాట కాదు, ష్టూర్ మాట. ఇక్కడ కరెంటు పోతే అందరం అదే అంటాం" అన్నాడు.

పోలండ్ నటుడు యెజీ ష్టూర్ పేరు నేను మొదటిసారి విన్నది అలా, ఒక ఫ్యూజు ఎగిరిపోవడం వల్ల.

నేను సినిమా పండితుణ్ణి కాను. యూరప్ కంపెనీల బిల్లులు సరిచూసి పేమెంట్లు పంపే ఉద్యోగం నాది. హైదరాబాద్‌లో చేస్తున్న పనినే అక్కడి ఆఫీసుకి మార్చారు, నన్నూ మార్చారు. క్రాకోవ్‌లో అలాంటి ఆఫీసులు బోలెడు, వాటిలో మన తెలుగువాళ్లూ బాగానే ఉంటారు. చాలామంది ఊరి మధ్యలో నలుగురైదుగురు కలిసి ఫ్లాట్ తీసుకుంటారు. నాకు అద్దె తక్కువని నోవా హుతాలో ఒక పెద్దావిడ ఇంట్లో గది దొరికింది. నోవా హుతా అంటే కమ్యూనిస్టుల కాలంలో ఉక్కు కర్మాగారం కోసం కట్టిన పేట. ఆ కర్మాగారానికి అప్పట్లో లెనిన్ పేరే ఉండేది. మా ఇంటావిడ అందులో జీతాల సెక్షన్‌లో ముప్ఫై ఏళ్లు చేసి రిటైరైంది. ఆవిడా లెక్కల మనిషే, నేనూ లెక్కల మనిషినే. ఆవిడకి ఇంగ్లీషు రాదు, నాకు పోలిష్ రాదు. ఆవిడని 'పానీ' అని పిలిచేవాణ్ణి. మనం 'అమ్మగారూ' అన్నట్టు, అక్కడ పెద్దవాళ్లని అలాగే పిలవాలి. ఫోన్‌లో అనువాదం యాప్, చేతి సైగలు, పైవారం వడ్డీలా రోజుకి నాలుగు కొత్త మాటలు. అలా సాగింది సంసారం.

ఆ చీకటి డైలాగు ఉన్న సినిమా 'సెక్స్‌మిస్యా'. పేరు చూసి కంగారు పడకండి, మా ఇంటావిడే పక్కన కూర్చోబెట్టుకుని చూపించింది. యూలియూష్ మాఖుల్‌స్కీ తీశాడు, 1984 మేలో విడుదలైంది. ఇద్దరు మగవాళ్లు 1991లో ప్రయోగం కోసం గడ్డకట్టించుకుని నిద్రపోతారు. మూడేళ్లకి లేపాల్సినవాళ్లు లేపరు. కళ్లు తెరిచేసరికి 2044. భూమి లోపల కట్టుకున్న లోకం, అంతా ఆడవాళ్లే, మగజాతి అన్నది మిగల్లేదు. ఆ ఇద్దరిలో ఒకడు ఓల్‌గియెర్డ్ ఊకాషెవిచ్ వేసిన పెద్దమనిషి శాస్త్రవేత్త. రెండోవాడు ష్టూర్ వేసిన మాక్స్, అవకాశం దొరికితే అరటితొక్క కూడా అమ్మేసే రకం. కళ్లు తెరవగానే వాడికేమీ కనపడదు. అప్పుడు వచ్చేదే ఆ కేక. భూగర్భ లోకం కోసం కొంత షూటింగు క్రాకోవ్ పక్కనున్న వియెలిచ్కా ఉప్పు గనుల్లో చేశారు. ఆ గని చూడ్డానికి నేను వెళ్లినప్పుడు గైడు ఎంతో చరిత్ర చెప్పాడు. నాకు మాత్రం ప్రతి మలుపులోనూ ష్టూర్ బిత్తరచూపులే గుర్తొచ్చాయి.

సినిమాలో ఇంకో మాట ఉంది. ఇద్దరూ తప్పించుకుని పైకి వచ్చాక మాక్స్ అంటాడు, తూర్పు వైపు పోదాం, అక్కడ ఏదో ఒక నాగరికత ఉండే తీరుతుంది అని. నాకు ఇందులో నవ్వేముందో అర్థం కాలేదు. మా ఇంటావిడ టీవీ ఆపింది. గోడ మీది మ్యాప్ దగ్గరికి నడిచింది. పోలండ్ మీద వేలుపెట్టి తూర్పుకి జరిపింది. మాస్కో దగ్గర ఆపి నా వైపు చూసి కనుబొమ్మలెగరేసింది. 1984లో ఆ మాటకి హాల్లో జనం ఎలా నవ్వుంటారో నాకప్పుడు తెలిసింది.

ఆ ఏడాది క్రిస్మస్ ముందు రోజు రాత్రి భోజనానికి నన్ను పిలిచింది. వాళ్ల ఆచారం ప్రకారం బల్ల మీద పన్నెండు రకాలు వండిపెడతారు, అనుకోని అతిథి కోసం ఒక ఖాళీ కంచం కూడా పెడతారు. ఆ కంచం నాకొచ్చింది. (ఇంకో రోజు జూరెక్ అనే పులిసిన పిండి సూపు పోసింది. ఒక్క గుక్క తాగి, మా నాయనమ్మ తరవాణి కుండ గుర్తొచ్చి మళ్లీ పోయించుకున్నాను. అప్పట్నుంచి నా మీద గౌరవం పెరిగింది.) టీవీలో ఏదో అమెరికన్ సినిమా వస్తోంది. అక్కడ టీవీలో విదేశీ సినిమాలకి డబ్బింగు ఉండదు. అసలు గొంతులు వెనక సన్నగా వినిపిస్తూనే ఉంటాయి, ఒకే ఒక్క మగమనిషి అందరి డైలాగులూ వార్తలు చదివినట్టు చదివేస్తాడు. హీరో, హీరోయిన్, పసిపిల్లాడు అందరిదీ అదే గొంతు. మన డబ్బింగు ఆర్టిస్టులు హీరోయిన్‌కి ఏడుపు కూడా వేరేగా ఏడుస్తారని చెబితే మా ఇంటావిడ నమ్మలేదు.

పిల్లల బొమ్మల సినిమాలకి మాత్రం పూర్తిగా డబ్బింగు చేస్తారు. భోజనాలయ్యాక మనవరాలు 'ష్రెక్' పెట్టింది. గాడిద నోరు తెరిచింది. నేను స్పూను కింద పెట్టేశాను. ఆ గొంతు నాకు తెలుసు! కరెంటు పోయినప్పుడు అరిచిన గొంతు.

గాడిదని పోలిష్‌లో 'ఓషౌ' అంటారు. మనకి ఓషో అంటే వేరే పెద్దమనిషి గుర్తొస్తాడు కాబట్టి ఆ రాత్రి నేను ఒంటరిగా నవ్వుకోవాల్సి వచ్చింది. 2001లో ఆ డబ్బింగు వచ్చాక పోలండ్ పిల్లలకి ష్టూర్ అంటే గాడిదే. వాళ్ల అమ్మానాన్నలకి మాక్స్. అంతకుముందు తరానికి ఇంకేదో, అది నాకు తర్వాత తెలిసింది. ఇంకో తమాషా ఉంది. ష్రెక్‌కి గొంతిచ్చింది జ్బిగ్నెవ్ జమఖోవ్‌స్కీ. ఈ ఇద్దరూ అంతకు ముందు పోలిష్ దర్శకుడు కీష్లోవ్‌స్కీ తీసిన రెండు చిత్రాల్లో అన్నదమ్ములు. 1988 నాటి 'డెకలాగ్' పదో భాగంలో తండ్రి చచ్చిపోయి స్టాంపుల కలెక్షన్ వదిలిపోతాడు. దాని విలువ తెలిసేసరికి అన్నదమ్ములిద్దరికీ పిచ్చి పడుతుంది. ఒక అరుదైన స్టాంపు కోసం అన్న, అంటే మన ష్టూర్, కిడ్నీ ఇచ్చేస్తాడు. ఆపరేషన్ బల్ల మీద ఉండగా ఇంట్లో దొంగలు పడి స్టాంపులన్నీ ఊడ్చుకుపోతారు. 1994లో 'త్రీ కలర్స్: వైట్'లో మళ్లీ అన్నదమ్ములే. పారిస్‌లో పెళ్లాం గెంటేసిన తమ్ముణ్ణి ఇంటికి చేర్చుకునే మంగలి అన్న వేషం ష్టూర్‌ది. చిన్న వేషమే. అయినా ఆ అన్న గుమ్మంలో నిలబడితే మనింటికి వచ్చినట్టుంటుంది. ఆరేళ్ల పిల్లకి ఇవన్నీ అనవసరం. దానికి గాడిద చాలు.

నన్ను పట్టేసిన సినిమా మాత్రం ఆ కీష్లోవ్‌స్కీదే, 'అమాతోర్'. 1979. ఇంగ్లీషువాళ్లు 'కెమెరా బఫ్' అన్నారు. ఊరి మధ్య పెద్ద చౌరస్తా మీద ఒక పాత భవనంలో 'పాద్ బరనామి' అనే సినిమాహాలు ఉంది. ఆ హాల్లో అప్పుడప్పుడు పోలిష్ సినిమాలు ఇంగ్లీషు సబ్‌టైటిళ్లతో వేసేవారు. 2014 ఫిబ్రవరిలో ఒక గడ్డకట్టే సాయంత్రం నాలుగో నంబరు ట్రామ్ ఎక్కి ఒక్కణ్ణే వెళ్లాను. హాల్లో పన్నెండు మందికి మించి లేరు.

కథ ఇంత. ఫిలిప్ మోష్ అని ఒక చిన్న ఊళ్లో ఫ్యాక్టరీకి సామాన్లు కొనిపెట్టే ఉద్యోగి. భార్య పురుడు పోసుకోబోతోంది. పుట్టబోయే పాప కోసం రెండు నెలల జీతం పోసి ఎనిమిది మిల్లీమీటర్ల కెమెరా కొంటాడు. కెమెరా ఉందని తెలిసి ఫ్యాక్టరీ డైరెక్టరు వార్షికోత్సవం షూట్ చేయమంటాడు. ఇతను అన్నీ తీస్తాడు, డైరెక్టరుకి ఇష్టంలేనివి కూడా. అవి కోసెయ్ అంటాడు డైరెక్టరు. ఈ లోపల ఇతనికి ఏదో పోటీలో బహుమతి వస్తుంది, టీవీవాళ్లు పిలుస్తారు. ఇంటి సంగతి చల్లగా జారిపోతుంది. క్రిస్తోఫ్ జనూసీ అనే పెద్ద దర్శకుడు ఆ సినిమాలో తన పేరుతోనే కనిపించి ఫిలిప్‌తో మాట్లాడతాడు. అప్పుడు ష్టూర్ మొహంలో ఉన్న భక్తి, మన ఊళ్లో షూటింగు చూడ్డానికి చెట్టెక్కిన కుర్రాడి మొహమే.

రెండు ఘట్టాలు చెబుతాను. ఫిలిప్ స్నేహితుడు ఒకడు శవాల బండి డ్రైవరు. ఒకరోజు ఫిలిప్ ఆ బండినీ, స్నేహితుణ్ణీ, కిటికీలోంచి చెయ్యి ఊపుతున్న అతని తల్లినీ సరదాగా తీస్తాడు. కొన్నాళ్లకి ఆ తల్లి చనిపోతుంది. స్నేహితుడు వచ్చి ఆ ముక్క వేయమంటాడు. చీకటి గదిలో గోడ మీద అమ్మ చెయ్యి ఊపుతుంది. అతను వెళ్తూ, నువ్వు చేసే పని ఎంత గొప్పదో అన్నట్టు చెబుతాడు, మనిషి లేదు, కానీ ఉంది. రెండో ఘట్టం. ఫిలిప్ భార్య విసిగిపోయి, బిడ్డతో వెళ్లిపోవడానికి గుమ్మం దగ్గర నిలబడింది. ఫిలిప్ ఏడుస్తాడనుకుంటాం, కాళ్లు పట్టుకుంటాడనుకుంటాం. అతని రెండు చేతులూ పైకి లేస్తాయి. వేళ్లతో చతురస్రం చేసి, వెళ్లిపోతున్న భార్యని ఫ్రేములో చూస్తాడు. తను ఏం చేస్తున్నాడో అతనికే తెలియదు. ష్టూర్ అక్కడ ఏమీ నటించరు. మొహం మీద చిన్నపిల్లాడి కుతూహలం ఒకటి వచ్చి, అది తప్పని తెలిసేలోపు వెళ్లిపోతుంది.

నేను ఇంటికి నడిచే వచ్చాను, ఏడెనిమిది కిలోమీటర్లు. మర్నాడు జ్వరం.

ఆ సినిమా డైలాగులు కీష్లోవ్‌స్కీ, ష్టూర్ కలిసి రాశారని తర్వాత తెలిసి ఆశ్చర్యపోలేదు. ష్టూర్ ముందు క్రాకోవ్‌లోని యాగెలోన్యన్ యూనివర్సిటీలో పోలిష్ సాహిత్యం చదివి, ఆ తర్వాతే నటన స్కూల్లో చేరారు. పుట్టింది కూడా ఆ ఊళ్లోనే, 1947 ఏప్రిల్ 18న. పూర్వీకులు ఆస్ట్రియా నుంచి వచ్చినవాళ్లు, ఆ ఇంటిపేరుకి కారణం అదే. మాట మీద పట్టున్న మనిషి కాబట్టే ఆయన పాత్రలు సగం సగం వాక్యాలు మాట్లాడతాయి, దగ్గుతాయి, మాట మింగేస్తాయి. చదువుకున్నవాడు రాసిన డైలాగులా ఉండవు.

'అమాతోర్' కన్నా ముందు ఆ ఇద్దరి 'స్పోకుయ్' ఉంది. శాంతి, ప్రశాంతత అని అర్థం. మా ఇంటావిడ కళ్లలో నీళ్లు చూసింది ఆ ఒక్క సినిమా గురించి మాట్లాడినప్పుడే. జైల్లోంచి బయటికొచ్చిన ఆంతెక్ అనేవాడు భార్య, పిల్లలు, తినడానికింత, ఉండడానికో చోటు, ఇంతే కావాలంటాడు. పనిచేసే చోట సామాన్ల దొంగతనం, యజమాని, కూలీలు, సమ్మె. మధ్యలో వీడు నలిగిపోతాడు. ఎవరి పక్షమూ తీసుకోవడం రానివాణ్ణి చివరికి తోటి కూలీలే చావబాదుతారు. 1976లో తీశారు. సమ్మె చూపించారని పెట్టెలో పెట్టేశారు. 1980 ఆగస్టులో గ్దాన్‌స్క్ ఓడల కర్మాగారం సమ్మె, ఒప్పందం అయ్యాక, సెప్టెంబరులో టీవీలో వేశారు. "మా బ్లాకులో ఆ రాత్రి అన్ని కిటికీల్లోంచీ ఒకటే గొంతు వినిపించింది" అంది మా ఇంటావిడ. ఆవిడ భర్త నోవా హుతా ఉక్కు కర్మాగారంలోనే ఫర్నేసు దగ్గర పనిచేసేవాడు. సినిమా అయ్యాక బాల్కనీలోకి వెళ్లి రెండు సిగరెట్లు వరుసగా కాల్చాడట. ఆయన ఈ ష్టూర్ని అప్పటిదాకా తిట్టేవాడట, 'వోజిరెయ్' చూసిన దగ్గర్నుంచి. ఫెలిక్స్ ఫాల్క్ తీసిన ఆ సినిమాలో ష్టూర్ పార్టీల్లో జనాల్ని ఆడించే వినోదం మాస్టారు. పెద్ద కార్యక్రమం దక్కించుకోవడానికి స్నేహితుల్ని ఒక్కొక్కళ్లనే తొక్కుకుంటూ పోతాడు. అందులో ఎంత బాగా చేశారంటే మా ఇంటాయనకి నటుడి మీదే కోపం వచ్చింది. మన దగ్గర విలన్ వేషాలు వేసేవాళ్లని పల్లెటూళ్లలో ముసలమ్మలు శాపనార్థాలు పెట్టినట్టు.

ప్రతి ఆదివారం నేను ఊళ్లోకి వెళ్తే ప్లాంతీ తోట చుట్టూ తిరిగేవాణ్ణి. పాత కోటగోడ పడగొట్టిన చోట చుట్టూ పెంచిన తోట అది. దాన్ని ఆనుకుని స్ట్రషెవ్‌స్కీ వీధిలో నటన స్కూలు ఉంది. ష్టూర్ అక్కడ చదివి, అక్కడే పాఠాలు చెప్పి, రెండు విడతలుగా 1990 నుంచి 96 దాకా, 2002 నుంచి 2008 దాకా దానికి రెక్టారుగా, అంటే అధిపతిగా చేశారు. స్తారీ తియాత్ర్ అనే పాత నాటకశాల కూడా నడిచేంత దూరమే. ఆంద్రెజ్ వైదా దర్శకత్వంలో ఆయన 'హామ్లెట్' వేసిందీ, దొస్తయెవ్‌స్కీ కథలో హంతకుణ్ణి మాటలతో ముగ్గులోకి దించే పోర్ఫిరీ వేసిందీ అక్కడే. ఒక డబుల్ బేస్ వాద్యగాడి ఏకపాత్ర 1985లో మొదలుపెట్టి దశాబ్దాల పాటు ఆడారు. ఆర్కెస్ట్రాలో చివరి వరసలో నిలబడేవాడి గోడు అది. ఏకపాత్ర అనగానే నాకు స్కూల్లో దుర్యోధనుడి డైలాగులు చెప్పి బహుమతిగా స్టీలు గ్లాసు తెచ్చుకున్న రోజులు గుర్తొచ్చేవి. ఆయన్ని ఎదురుగా ఎప్పుడూ చూడలేదు. ఒకసారి ట్రామ్ స్టాపులో అచ్చం ఆయనలాంటి నెరిసిన మీసాల మనిషి కనపడితే దిగి వెంటపడ్డాను. ఆయనెవరో బూట్ల షాపులోకి వెళ్లిపోయాడు.

దర్శకత్వం సంగతి. నలభై ఏడేళ్లు వచ్చేదాకా ఆయన సినిమా తీయలేదు. 1994లో తీసిన మొదటి సినిమా అచ్చంగా క్రాకోవ్ వీధుల్లో నడక. స్వీడన్ నుంచి ఒక ప్రొఫెసరు వస్తాడు. అతనికి ఊరు చూపించే బాధ్యత తాగుబోతు లెక్చరరు మీద పడుతుంది. అతిథికి అమ్మాయిలతో పరిచయం కావాలంటే ఈయన తన పాత డైరీలో పాత ప్రేయసుల పేర్లు వెతుక్కుంటాడు. ఎవరి ఇంటికెళ్లినా కాలం గడిచిపోయింది. కథకన్నా నాకు ఆ నడక నచ్చింది. నేను రోజూ తొక్కే రాళ్లబాటలే అవి, తడిసిన ఆకులతో సహా.

1997లో 'ప్రేమకథలు' తీశారు. అందులో నాలుగు వేషాలూ ఆయనవే. లెక్చరరు, మతగురువు, మిలిటరీ ఆఫీసరు, జైలు ఖైదీ. నలుగురి దగ్గరికీ ఒక్కో ఆడమనిషి వచ్చి గుమ్మంలో నిలబడుతుంది, నలుగురూ తేల్చుకోవాలి. సొంత దర్శకత్వంలో మూడు వేషాలు వేసిన 'దానవీరశూర కర్ణ' చూసి పెరిగిన మనకి ఇది వింతేం కాదు. కాకపోతే ఇక్కడ కిరీటాలు, గదలు లేవు. నాలుగు వేషాలకీ తేడా చూపించేది జుట్టు దువ్వుకునే తీరూ, కుర్చీలో కూర్చునే తీరూ. గ్దీన్యా సినిమా పండుగలో పెద్ద బహుమతి దానికే వచ్చింది. 1996 మార్చిలో కీష్లోవ్‌స్కీ యాభై నాలుగేళ్లకే గుండె ఆపరేషన్ తర్వాత పోయాడు. ఈ సినిమా నిండా ఆ స్నేహితుడి నీడ ఉంటుంది.

ఆ స్నేహితుడు 1973లో రాసి తీయకుండా వదిలేసిన స్క్రిప్టు ఒకటి ఉంది. కజిమియెజ్ ఓర్వోష్ కథ ఆధారంగా రాసింది. దాన్ని ష్టూర్ 2000లో 'పెద్ద జంతువు' పేరుతో తీశారు. నలుపు తెలుపుల్లో, గంటకి కాస్త పైన. నాకు ఆయన దర్శకత్వంలో అన్నిటికన్నా ఇష్టం ఇదే. సర్కస్‌వాళ్లు ఊరొదిలి పోతూ ఒక ఒంటెని వదిలేసి పోతారు. అది బ్యాంకు గుమాస్తా ఇంటి పెరట్లోకి వచ్చి నిలబడుతుంది. గుమాస్తా ష్టూర్, భార్య ఆన్నా డిమ్నా. పిల్లల్లేని ఇంట్లోకి పిల్ల వచ్చినట్టు దాన్ని చూసుకుంటారు. భార్య దానికి ఉన్నితో ఏదో అల్లుతుంది. ఇంటాయన దాన్ని పలుపుతాడుతో వీధుల్లో షికారు తిప్పుతాడు. మొదట్లో ఊరంతా ముచ్చట పడుతుంది, ఫోటోలు దిగుతుంది. తర్వాత మొదలవుతుంది. దీనికి పన్ను ఏ పద్దు కింద కట్టాలి? అనుమతి ఏది? వాసన వస్తోంది. అయినా ఒంటె ఎందుకు, కుక్కని పెంచుకోవచ్చుగా?

మా చిన్నప్పుడు ఎండాకాలంలో ఒంటెల్ని తోలుకొచ్చేవాళ్లు. రూపాయికి ఒక రౌండు. వీధి పిల్లలంతా దాని వెంట. అందుకని మొదట నాకు ఆ ఊరి పగ ఏమిటో అర్థం కాలేదు. మా ఇంటావిడ ఈ సినిమా చూస్తూ పియెరోగీలకి (లోపల కూరిన, ఉడకబెట్టే కజ్జికాయల్లాంటివి) అంచులు నొక్కుతోంది. సినిమా అయిపోయాక కూడా ఏమీ అనలేదు. పిండి చేతులు కడుక్కుని వచ్చి, మా బ్లాకులో నీకు గది ఇస్తున్నానంటే కింద అంతస్తువాళ్లు ఏమన్నారో చెప్పమంటావా అంది. వద్దన్నాను. నవ్వి, నాకు పియెరోగీలు రెండు ఎక్కువ వేసింది. కింద అంతస్తువాళ్లతో తర్వాత నాకు బాగానే కుదిరింది లెండి. వాళ్ల కుక్కని నేనే బయటికి తిప్పేవాణ్ణి.

2003లో 'రేపటి వాతావరణం' తీశారు. మఠంలో పదిహేడేళ్లు దాక్కున్నవాడు బయటికొచ్చి కొత్త పోలండ్‌ని చూసి గుడ్లు తేలేస్తాడు. నాకు అంతగా ఎక్కలేదు, తిట్టాలని ముందే అనుకుని తీసినట్టుంటుంది. ఇటలీలో నాన్నీ మొరెట్టీ సినిమాల్లో కూడా వేశారు. ఇటాలియన్ భాషా వచ్చు ఆయనకి. కొత్త పోప్ భయపడి పారిపోయే కథలో వాటికన్ ప్రతినిధి వేషం ఆయనదే. అది 2011.

ఆ 2011లోనే గొంతు క్యాన్సరు బయటపడింది. ఆ దేశం గొంతుకి! ట్రీట్‌మెంటు సమయంలో డైరీ రాసుకున్నారు, అది పుస్తకంగా వచ్చింది. కోలుకుని మళ్లీ స్టేజీ ఎక్కారు, మళ్లీ సినిమా తీశారు. నేను హాల్లో విడుదలైన కొత్తల్లో చూసిన ఒకే ఒక్క ష్టూర్ సినిమా అదే. 'ఒబివాతెల్', అంటే పౌరుడు. 2014 నవంబరు. అరవై ఏళ్ల దేశచరిత్ర ఒక మామూలు మనిషి నెత్తి మీదుగా దొర్లుకుంటూ పోతుంది. ఆ మనిషి వయసులో ఉన్నప్పుడు కొడుకు మాచెయ్ ష్టూర్, పెద్దయ్యాక తండ్రి. సబ్‌టైటిళ్లు లేవు. అందరూ నవ్వాక ఒక క్షణం ఆగి నేను నవ్వుతున్నాను. మా ఇంటావిడ మోచేత్తో పొడిచి, ఇది నవ్వేది కాదు అని గుసగుసగా చెప్పాల్సి వచ్చింది రెండుసార్లు. ఆయన గొంతు మునుపటికన్నా కాస్త బొంగురుపోయింది. చీకట్లో కళ్లు మూసుకుని విన్నాను. గాడిదే, సందేహం లేదు.

నేను 2016 ఏప్రిల్లో వచ్చేశాను. తర్వాత మా ఇంటావిడతో పండక్కో పబ్బానికో మెసేజీలు. 2022 అక్టోబరులో ఒక పొడుగాటి మెసేజీ వచ్చింది, కోపంతో. ష్టూర్ తాగి కారు నడిపి క్రాకోవ్‌లో ఒక మోటార్‌సైకిలతన్ని తగిలించారు. క్షమాపణ చెప్పారు, కోర్టు శిక్ష వేసింది. "డెబ్బై అయిదేళ్లు వచ్చాయి, బుద్ధి ఉండొద్దూ" అని తిట్టింది. సొంత తమ్ముణ్ణి తిట్టినట్టే ఉంది ఆ తిట్టు. నాకేం రాయాలో తోచక ఒక చెయ్యి గుర్తు పంపించాను. ఆవిడ సమర్థించదు, నేనూ సమర్థించను.

2024 జులై 9న పోయారు. డెబ్బై ఏడేళ్లు. వార్త నాకు హైదరాబాద్‌లో ఆఫీసు క్యాబ్‌లో ఉండగా తెలిసింది. రాకోవిత్స్కీ శ్మశానంలో ఖననం చేశారు. నేను ప్లాంతీ నుంచి నడిచి రెండుమూడుసార్లు వెళ్లిన చోటే. మా ఇంటావిడకి ఫోన్ చేద్దామనుకుని, పోలిష్ మాటలు కూడబలుక్కోలేక, రాత్రికి వాయిదా వేశాను.

రాత్రి మా పాపకి ష్రెక్ పోలిష్‌లో పెట్టాను. ఒక్క ముక్క అర్థం కాకపోయినా గాడిదని చూసి పడీపడీ నవ్వింది. "నాన్నా, ఈయన నీకు తెలుసా?" అంది. ఏం చెప్పాలో తెలియక పాత ఫోన్ వెతికి తీశాను.

'అమాతోర్' చూశాక కొన్నాళ్లు నాకు వీడియోల పిచ్చి పట్టింది. ట్రామ్, మంచు, పావురాలు, కింద అంతస్తు కుక్క, ఏది కనిపిస్తే అది. మా ఇంటావిడని మాత్రం తీయనిచ్చేది కాదు, కెమెరా చూస్తే గరిటె ఎత్తేది. తిరిగి వచ్చేసే ముందు వారం ఎలాగో ఒప్పించాను. వంటింట్లో పియెరోగీలు చేస్తుంటే తీశాను. మొదటి నలభై సెకన్లు ఆవిడ చేతులు, పిండి, మోటుగా ఒక వెండి ఉంగరం. అప్పుడు నా కుక్కరు పొయ్యి పక్కన కూతకొచ్చిందో ఏమో, వాషింగ్ మెషీన్ తిరుగుతోందన్న సంగతి మర్చిపోయాం ఇద్దరం. టప్‌మంది.

ఆ తర్వాత వీడియోలో ఏమీ కనపడదు. నల్లటి తెర. ఎవరో కుర్చీ తన్నుకున్న చప్పుడు, అది నేనే. తర్వాత ఆవిడ గొంతు, రాజుగారి కేక: "చెమ్‌నోష్చ్! విద్జె చెమ్‌నోష్చ్!" దాని వెనక నా నవ్వు. ఆవిడ నవ్వు. సొరుగు లాగిన చప్పుడు, అగ్గిపెట్టె గీసిన చప్పుడు. పిండి అంటిన ఒక బుగ్గ, ఒక కన్ను వెలిగాయి. అక్కడితో ఆగిపోతుంది, ఫోన్‌లో జాగా అయిపోయి.

పాప మళ్లీ పెట్టమంది. మళ్లీ పెట్టాను.